ఎక్స్‌రేలో ఏమీ లేదన్నారు.. ప్రాక్టీస్‌కి వెళ్లొచ్చా?

ప్రశ్న: డాక్టర్ గారూ, నా వయసు 20. మాది సూర్యాపేట దగ్గర పల్లె. డిగ్రీ రెండో సంవత్సరం చదువుతూ హాస్టల్లో ఉంటున్నాను. 1500, 3000 మీటర్లు పరిగెత్తుతాను. బరువు 48 కిలోలు. రెండు నెలల కింద కొత్త కోచ్ సార్ దగ్గర చేరాను. అంతకుముందు సాయంత్రం పూట మట్టి గ్రౌండ్‌లో 5, 6 కిలోమీటర్లు చేసేదాన్ని. ఇప్పుడు పొద్దున రోడ్డు మీద, సాయంత్రం గ్రౌండ్‌లో కలిపి రోజుకు 12 కిలోమీటర్లు అవుతోంది. ఐదు వారాల నుంచి కుడి కాలికి, మోకాలికీ చీలమండకీ మధ్య లోపలి వైపు ఒకచోట నొప్పి. మొదట్లో పరిగెత్తేటప్పుడే ఉండేది, ఆపితే తగ్గేది. ఇప్పుడు మెట్లు దిగినా నొప్పే, రాత్రి పడుకున్నాక కూడా సలుపుతోంది. ఎక్స్‌రే తీస్తే ఏమీ లేదన్నారు. ‘షిన్ పెయిన్ రన్నర్లందరికీ ఉంటుంది, పరిగెత్తితేనే పోతుంది’ అంటున్నారు సార్. ఊళ్లో ఆర్‌ఎంపీ ఇంజెక్షన్ వేస్తే రెండు రోజులు బాగానే పరిగెత్తాను, తర్వాత ఇంకా ఎక్కువైంది. హాస్టల్లో పొద్దున మూడు ఇడ్లీలు, మధ్యాహ్నం పప్పన్నం తింటాను. బరువు తగ్గితే టైమింగ్ వస్తుందని ఆరు నెలల నుంచి రాత్రి అన్నం మానేసి రెండు అరటిపళ్లతో సరిపెడుతున్నాను. నాలుగు నెలలుగా పీరియడ్స్ రావడం లేదు. దానికీ దీనికీ సంబంధం లేదనుకోండి, అయినా రాస్తున్నా. ఇంకో ఏడు వారాల్లో ఇంటర్ కాలేజీ మీట్ ఉంది. కానిస్టేబుల్ నోటిఫికేషన్ పడితే ఈవెంట్స్ కూడా ఉంటాయి. నాది షిన్ పెయినా, ఫ్రాక్చరా? ప్రాక్టీస్‌కి వెళ్లొచ్చా?
- ఒక పాఠకురాలు

జవాబు: వెళ్లొద్దమ్మా. ఇది చదివిన పూట నుంచే పరుగు ఆపేయండి. మిమ్మల్ని చూడకుండా ఫ్రాక్చరే అని తేల్చి చెప్పలేను. కానీ మీరు రాసింది చదివితే ఎముకకు స్ట్రెస్ ఫ్రాక్చర్ (పదేపదే పడే భారానికి వచ్చే సన్నని పగులు) వచ్చిందనో, వచ్చే దారిలో ఉందనో గట్టిగా అనుమానించాల్సిందే. ప్రాక్టీస్ ఒక్కసారిగా రెట్టింపైంది. మూడు వారాలకు నొప్పి మొదలైంది. అది ఒకే చోట నిలబడి, పరుగులో ఉన్నది కాస్తా మెట్ల దగ్గరికీ పడక దగ్గరికీ వచ్చింది. ఇక సంబంధం లేదనుకుంటూనే చివర్లో రాశారు చూడండి పీరియడ్స్ మాట, మీ ఉత్తరం మొత్తంలో నన్ను ఎక్కువ ఆలోచనలో పడేసింది అదే. అక్కడికి వస్తాను. ముందు ఎక్స్‌రే సంగతి చూద్దాం.

బండి మీంచి పడి కాలు విరిగితే ఆ గంటలోనే ఎక్స్‌రేలో తెలిసిపోతుంది. స్ట్రెస్ ఫ్రాక్చర్ అలా ఒక్క దెబ్బతో రాదు. మన ఎముకలో పాత భాగాన్ని తొలిచేసే కణాలు, ఆ చోట కొత్త ఎముక పోసే కణాలు రోజూ పనిచేస్తూనే ఉంటాయి. పరుగు పెంచినప్పుడు ఎముక గట్టిపడేది ఈ పద్ధతిలోనే. చిక్కేమిటంటే తొలిచే పని 3, 4 వారాల్లో ముగుస్తుంది, పూడ్చి గట్టిపరిచే పనికి 3 నెలలదాకా పడుతుంది. మధ్యలో కొన్ని వారాలపాటు ఎముక ముందుకన్నా బలహీనంగా ఉంటుంది. రోడ్డు తవ్వి తారు పోయకముందే లారీలు వదిలినట్టు, సరిగ్గా ఆ వారాల్లోనే మీరు రోజుకు 12 కిలోమీటర్లు పరిగెత్తారు. కొత్త ప్రాక్టీస్ మొదలైన మూడు నాలుగు వారాలకు నొప్పి రావడం కాకతాళీయం కాదు, ఈ జబ్బు ఎక్కువగా పట్టుబడే సమయం అదే.

అప్పటికి పగులు వెంట్రుకవాసి కూడా ఉండదు. ఒక్కోసారి అసలు పగులే ఉండదు, ఎముక లోపల మూలుగలో వాపు మాత్రమే ఉంటుంది. ఎక్స్‌రేకి వాపు కనబడదు. చాలామందిలో ఎక్స్‌రే పట్టుకునేది పగులును కాదు, దాన్ని మాన్పుకోవడానికి ఎముక పైన పోసుకున్న కొత్త పొరను. ఆ పొర కనబడేంత మందం కావడానికి రెండు మూడు వారాలు, కొన్నిసార్లు అంతకంటే ఎక్కువే పడుతుంది. కొందరిలో చివరిదాకా కనబడదు. అందుకని మీకు తీసిన ఎక్స్‌రే తప్పేమీ కాదు, చదివినవారూ తప్పు చదవలేదు. ‘ఏమీ లేదు’ అన్న మాటను ‘పరిగెత్తొచ్చు’ అని మీరూ మీ సారూ అర్థం చేసుకున్నారు, తేడా అక్కడొచ్చింది.

ఈ జబ్బు ఎక్స్‌రే కన్నా పాతది. 1855లో ప్రష్యా సైన్యంలో డాక్టరుగా ఉన్న బ్రైట్‌హాప్ట్, కవాతులు చేసి చేసి పాదాలు వాచి నొప్పితో వస్తున్న సైనికుల గురించి రాశాడు. ఎముక పగలడం వల్లే అలా అవుతోందని ఎక్స్‌రేలు వచ్చాక 1897లో గానీ తేలలేదు. ఇప్పటికీ ఇది ఎక్కువగా కనబడేది రన్నర్లలో, కొత్తగా సైన్యంలో చేరినవాళ్లలో. మన దగ్గర పోలీసు, ఆర్మీ ఈవెంట్స్ కోసం నోటిఫికేషన్ పడ్డాక ఒక్కసారిగా గ్రౌండ్ ఎక్కే పిల్లలదీ ఇదే కథ.

మీ సార్ అన్నది పూర్తిగా కొట్టిపారేసే మాట కాదు. రన్నర్ల కాలి నొప్పుల్లో షిన్ పెయినే, అంటే మోకాలి కింది ఎముక అంచు వెంట వచ్చే నొప్పే ఎక్కువ. కాకపోతే రెంటికీ తేడా ఉంది, దాన్ని మీ బొటనవేలితోనే చాలావరకు పట్టుకోవచ్చు. మంచం మీద కూర్చుని కుడికాలిని ఎడమ తొడ మీద వేసుకోండి. చీలమండ లోపలి వైపు బుడిపె ఉంటుంది కదా, అక్కడి నుంచి పైకి, ఎముక లోపలి అంచు వెంట అంగుళం అంగుళం నొక్కుకుంటూ రండి. ఐదు సెంటీమీటర్లు దాటి, అంటే మూడు వేళ్ల వెడల్పును మించి, బారుగా నొప్పి పరుచుకుని ఉంటే అది షిన్ పెయిన్ వైపు మొగ్గు. అలాంటి నొప్పి వార్మప్ అయ్యాక సర్దుకుంటుంది కూడా. అలా కాక మిగతా అంచంతా మామూలుగా ఉండి, ఒక్క వేలు పట్టేంత చోట మాత్రం నొక్కగానే కాలు వెనక్కి లాక్కునేంత నొప్పి ఉంటే ఎముకనే అనుమానించాలి. అక్కడ చర్మం కింద చిన్న గట్టి ఉబ్బు తగిలితే అనుమానం ఇంకా బలపడుతుంది. రెండో కాలిని కూడా అలాగే నొక్కి పోల్చుకోండి. మీరు ‘ఒకచోట’ అని రాశారు కాబట్టి మీది రెండో రకం కావచ్చని నా అంచనా.

గ్రౌండ్లలో ‘ఒంటికాలి మీద నాలుగు గెంతులు వెయ్యి, చూద్దాం’ అని పరీక్ష పెడుతుంటారు. మీరది చేయొద్దు. డాక్టర్లం మేమూ ఆ పరీక్ష వాడతాం, కానీ రాత్రిపూట సలుపు ఉన్నవాళ్లను గెంతించం. సగం పగిలిన ఎముక ఆ గెంతుతోనే పూర్తిగా విరగొచ్చు.

ఇంకో రెండు జబ్బులు కూడా ఇలాగే వేషం వేసుకుని వస్తాయి. పరుగు మొదలెట్టిన కొన్ని నిమిషాలకు, దాదాపు ప్రతిసారీ అదే సమయానికి, పిక్క బిగుసుకుపోయి పాదం తిమ్మిరెక్కి, ఆపిన అరగంటలో పూర్తిగా మాయమైతే అది కండరాల గదుల్లో ఒత్తిడి పెరగడం వల్ల. మోకాలి వెనక రక్తనాళం నొక్కుకుపోయినా అలాంటి నొప్పే వస్తుంది. రాత్రి సలుపు వీటి లక్షణం కాదు, కాబట్టి మీ విషయంలో ఇవి వెనక వరసలోనే ఉంటాయి.

పగులు ఉందా లేదా అన్నది ఎంత ముఖ్యమో ఎక్కడ ఉందన్నదీ అంతే ముఖ్యం. మోకాలి కింది పెద్ద ఎముకకు, అంటే టిబియాకు, లోపలి వెనక అంచున వస్తే అది కాస్త నయమైన చోటు. రన్నర్లలో ఎక్కువమందికి వచ్చేది అక్కడే, విశ్రాంతితోనే అతుక్కుంటుంది. అదే ఎముక ముందు భాగం, మెట్టు తగిలితే ప్రాణం పోయినట్టుండే ఆ ముందు గట్టు మధ్యలో వస్తే కథ వేరు. గెంతే ఆటల వాళ్లలో అక్కడ ఎక్కువ. కాలు మోపిన ప్రతిసారీ ఆ వైపు సాగుతుంది, రక్తప్రసారమూ తక్కువ. ఎక్స్‌రేలో అడ్డంగా నల్లటి గీత కనబడితే నెలల తరబడి ఆగాలి, కొందరికి ఎముకలోకి రాడ్ వేయాల్సి వస్తుంది. పక్కనుండే సన్న ఎముక ఫిబ్యులాకు వస్తే తొందరగానే తగ్గుతుంది. అన్నిటికన్నా భయపడాల్సింది తొడ ఎముక మెడ దగ్గర వచ్చే పగులుకు. దాని నొప్పి గజ్జల్లో వస్తుంది, కొందరికి మోకాలి దాకా పాకుతుంది. ‘నరం పట్టింది’ అని మర్దన చేయించుకుంటూ తిరుగుతారు. గజ్జ నొప్పితో కుంటుతున్న రన్నర్ ఎవరైనా మీ గ్రౌండ్‌లో ఉంటే ఆ రోజే కర్రల మీద డాక్టర్ దగ్గరికి వెళ్లమనండి. ఆ పగులు జరిగిపోతే తుంటి కీలుకే ముప్పు, వెంటనే స్క్రూలు వేయాల్సిన కేసులు అవి.

మీకు ఇప్పుడు చేయించాల్సింది ఎంఆర్ఐ. రెండు మూడు వారాలు ఆగి మళ్లీ ఎక్స్‌రే తీయించడం కూడా ఒక దారే, డబ్బుకు ఇబ్బంది అయితే పరుగు పూర్తిగా ఆపి ఆ దారినే వెళ్లొచ్చు. కాకపోతే ఎంఆర్ఐలో మూలుగ వాపు మొదటి వారాల్లోనే కనబడుతుంది, రేడియేషన్ లేదు, ఎన్నాళ్లు ఆగాలన్న అంచనా కూడా అందులోనే దొరుకుతుంది. ఇంజెక్షన్ మందు ఎక్కించి తీసే రకం అక్కర్లేదు, మామూలుది చాలు. చీటీ మీద ‘కాలు’ అని కాకుండా ఏ ఎముక, ఏ వైపు, ఎంత ఎత్తులో నొప్పి ఉందో డాక్టర్‌తో రాయించుకోండి. స్కానింగ్ సెంటర్లో నొప్పి ఉన్న చోట గుర్తు పెట్టమని అడగండి. బోన్ స్కాన్ అనే పాత పరీక్షతోనూ పట్టుకోవచ్చు గానీ, రేడియేషన్ ఉంటుంది, ఎముక మానాక కూడా నెలల తరబడి మచ్చ చూపిస్తూనే ఉంటుంది. సీటీ స్కాన్ టిబియా ముందు గట్టుకూ పాదంలోని చిన్న ఎముకలకూ అవసరమైనప్పుడు వాడతాం.

ఎంఆర్ఐలో 1 నుంచి 4 దాకా గ్రేడ్లు ఉంటాయి. ఎముక పైపొరలోనే వాపు ఉంటే మొదటి గ్రేడు, 2, 3 వారాల్లో పరుగు మొదలుపెట్టొచ్చు. మూలుగలోకి కొద్దిగా వాపు దిగితే రెండోది, 4 నుంచి 6 వారాలు. ఆ వాపు బాగా ఎక్కువగా ఉంటే మూడోది, 6 నుంచి 9 వారాలు. పగులు గీత కనబడితే నాలుగోది, 3 నెలలకు తక్కువ లెక్క వేసుకోవద్దు. ఈ లెక్కలు టిబియా లోపలి అంచుకు వర్తిస్తాయి, అదీ తిండి, హార్మోన్లు సరిగ్గా ఉన్నవారికి. ఒక మాట గుర్తుపెట్టుకోండి. నొప్పి లేని రన్నర్లకు స్కాన్ తీసినా కొందరిలో కొద్దిపాటి వాపు కనబడుతుంది. కాబట్టి చికిత్స చేయాల్సింది నొప్పీ స్కానూ రెండూ కలిసిన చోటికి. ఫిల్మ్ ఒక్కదాన్నే పట్టుకుని ఎడమ కాలికి కూడా కట్టు వేయించుకోనక్కర్లేదు.

ఇక ఆర్‌ఎంపీ ఇంజెక్షన్ గురించి. సూది దిగాక రెండు రోజులు బాగా పరిగెత్తానని రాశారు. ఆ రెండు రోజులూ ఎముక బాగుపడలేదు, నొప్పి మాత్రమే తెలియలేదు. ఈ జబ్బులో ఆగమని చెప్పేది నొప్పి ఒక్కటే, దాని నోరు నొక్కి పరిగెత్తితే గ్రేడ్ 2లో ఉన్నది 4కి పోతుంది. పైగా డైక్లోఫెనాక్ లాంటి నొప్పి మందులు ఎముక అతుక్కోవడాన్ని నెమ్మదింపజేస్తాయన్న అనుమానం ఉంది. నొప్పి భరించలేకపోతే పారాసిటమాల్ వేసుకోండి, అదీ నిద్ర కోసం, ప్రాక్టీస్ కోసం కాదు. నూనె మర్దన, నాటు కట్టు, ఫిజియోథెరపీ సెంటర్లో అల్ట్రాసౌండ్ మెషిన్ పెట్టించుకోవడం, వీటితో ఈ పగులు త్వరగా మానుతుందని చెప్పడానికి సరైన ఆధారం లేదు. నొప్పి ఉన్న చోట గట్టిగా పిసకడం మాత్రం హానే.

చికిత్సలో మొదటి మెట్టు నడకలో నొప్పి లేకుండా చేయడం. హాస్టల్ నుంచి క్లాసుకు నడిస్తేనే నొప్పి వస్తుంటే రెండు కర్రలో, మోకాలి కిందిదాకా వచ్చే గాలి బూటో కొన్నాళ్లు వాడాలి. నడక నొప్పి లేకుండా సాగుతుంటే బూటు అక్కర్లేదు. పిండికట్టు చాలామందికి అవసరం రాదు. పరుగు ఆపమన్నానని మంచానికి అతుక్కుపోవద్దు. సీటు కాస్త ఎత్తు పెట్టుకుని సైకిల్ తొక్కండి, నొప్పి రానంతవరకే. ఈత వస్తే ఈతకు మించింది లేదు. మీ ఊళ్లో దిగుడు బావి ఉంటే ఇంకేం కావాలి, మెట్ల మీంచి నెమ్మదిగా దిగండి, గట్టు మీంచి దూకితే మాత్రం చేసిన విశ్రాంతంతా ఒక్క దూకుడుకు పోతుంది. తుంటి, నడుము, చేతుల బలానికి చేసే కసరత్తులు మొదటి రోజు నుంచే చేయొచ్చు. పిక్కల కోసం రెండు కాళ్ల మీద మడమలెత్తడం నొప్పి తగ్గాక మొదలుపెట్టి, తర్వాత ఒంటికాలికి మారండి. పిక్క కండరం బలంగా ఉంటే ఎముక మీద పడే వంపు తగ్గుతుంది, రన్నర్లు దీన్ని తేలిగ్గా తీసుకుంటారు గానీ ఇదే మందు.

‘పెద్ద ప్లేయర్లు నొప్పితోనే ఆడి గెలుస్తారు కదా’ అని మీకు ఎవరో ఒకరు చెప్పే ఉంటారు. మన పి.వి. సింధు 2022 ఆగస్టులో బర్మింగ్‌హామ్ కామన్వెల్త్ క్రీడల్లో క్వార్టర్ ఫైనల్ నుంచే నొప్పి ఉన్నా ఆడి స్వర్ణం గెలిచారు, నిజమే. ఆ కథలో రెండో సగం ఎవరూ చెప్పరు. హైదరాబాద్ రాగానే ఎంఆర్ఐ తీయించుకుంటే ఎడమ పాదంలో స్ట్రెస్ ఫ్రాక్చర్ అని తేలింది. అదే నెలలో టోక్యోలో జరిగిన ప్రపంచ చాంపియన్‌షిప్ నుంచి తప్పుకున్నారు, తిరిగి కోర్టులోకి వచ్చింది 2023 జనవరిలో. వెంట కోచ్, ఫిజియో, ట్రైనర్ ఉన్న క్రీడాకారిణికే అన్ని నెలలు పట్టింది. హాస్టల్ తిండి మీద నడుస్తున్న మీకు తక్కువ పడుతుందని నేనెలా చెప్పను?

తిండి అన్నాను కాబట్టి పీరియడ్స్ దగ్గరికి వద్దాం. దానికీ దీనికీ సంబంధం ఉందమ్మా, చాలా దగ్గరి సంబంధం. లెక్క వేసి చూపిస్తాను, ఉజ్జాయింపే అనుకోండి. పరుగులో కిలో బరువుకు కిలోమీటరుకు దాదాపు ఒక క్యాలరీ ఖర్చవుతుంది. 48 కిలోలు, 12 కిలోమీటర్లు, అంటే 575 క్యాలరీలు పరుగుకే పోతాయి. మూడు ఇడ్లీలు, ఒక పూట పప్పన్నం, రెండు అరటిపళ్లు కలిపితే 1200 దాటడం కష్టం. మిగిలేది 625. గుండె కొట్టుకోవడం, మెదడు పనిచేయడం, ఎముక పోసుకోవడం, నెలసరి నడవడం అన్నీ ఇందులోనే జరగాలి. మీ ఒంట్లో కొవ్వు తీసేస్తే 40 కిలోలు ఉంటుందనుకుందాం. కిలోకు 45 క్యాలరీలు మిగిలితే ఒళ్లు హాయిగా ఉంటుంది, 30 కన్నా తగ్గితే హార్మోన్లు తడబడతాయి. మీకు మిగులుతున్నది 15, 16. ఇలాంటప్పుడు శరీరం పొదుపు మొదలుపెడుతుంది. మొదట మూసేది నెలసరిని. దాంతో ఈస్ట్రోజన్ పడిపోతుంది, ఎముకను తొలిచే కణాలను అదుపులో ఉంచేది ఆ హార్మోనే. అంటే మీ ఎముకలో తవ్వకం పెరిగింది, పూడ్చే సరుకు తగ్గింది, దాని మీద పరుగు రెట్టింపైంది.

పూర్వం దీన్ని ఆడపిల్లల సమస్యగానే చూసేవారు. అబ్బాయిల్లోనూ తిండి చాలకపోతే టెస్టోస్టెరాన్ పడిపోయి ఎముకలు దెబ్బతింటాయని తెలిశాక, అంతర్జాతీయ ఒలింపిక్ కమిటీ నిపుణులు 2014లో ఇద్దరికీ వర్తించేలా దీన్ని రెడ్-ఎస్ (క్రీడాకారుల్లో శక్తి లోటు) అని పిలవడం మొదలుపెట్టారు. బరువు తగ్గితే టైమింగ్ వస్తుందన్న మాట కొన్ని వారాలపాటు నిజమనిపిస్తుంది. తర్వాత వచ్చేది ఇప్పుడు మీ కాలికి వచ్చిందే.

కాబట్టి ఎముకల డాక్టర్‌తో పాటు గైనకాలజిస్టునూ కలవండి. మూడు నెలలు దాటి నెలసరి ఆగితే ఎవరినైనా చూపించుకోమనే చెబుతాం. గర్భం లేదని నిర్ధారించే పరీక్ష మొదట అడుగుతారు, అది అందరికీ చేసేదే, నొచ్చుకోకండి. థైరాయిడ్, ప్రొలాక్టిన్ లాంటి కొన్ని హార్మోన్లు, రక్తహీనత, విటమిన్ డి చూస్తారు. అవసరమనుకుంటే ఎముక సాంద్రత కొలిచే డెక్సా స్కాన్ రాస్తారు. ఒక్క జాగ్రత్త చెప్పాలి. ‘పీరియడ్స్ రావడానికి’ అని గర్భనిరోధక మాత్రలు ఇస్తే రక్తస్రావం కనబడుతుంది, తిండి లోటు మాత్రం అలాగే ఉంటుంది. ఎముకల కోసమని ఆ మాత్రలు వాడొద్దనే హార్మోన్ నిపుణుల సంఘం ఎండోక్రైన్ సొసైటీ 2017 మార్గదర్శకాలు సూచిస్తున్నాయి. ముందు తిండి పెంచండి. నెలసరి దానంతటది తిరిగి రావడానికి నెలలు పట్టొచ్చు, వస్తే మాత్రం తిండి సరిపోతోందనడానికి అంతకన్నా మంచి గుర్తు లేదు.

రాత్రి అన్నం ఈ రోజే మొదలుపెట్టండి. పరుగు ఆపాను కదా, బరువు పెరుగుతానేమో అని తగ్గించొద్దు, ఎముక అతుక్కోవడానికీ తిండి కావాలి. మళ్లీ ప్రాక్టీస్ మొదలయ్యాక 2300, 2400 క్యాలరీలు మీకు మామూలు అవసరం. హాస్టల్లో వండుకోలేరు కాబట్టి గదిలో పెట్టుకోదగ్గవి చెబుతాను: పల్లీపట్టీలు, నువ్వుల ఉండలు, ఖర్జూరాలు, అటుకులు. మెస్‌లో గుడ్డు దొరికితే రోజుకు రెండు, పెరుగు రెండు పూటలా. కాల్షియం రోజుకు 1000 మిల్లీగ్రాములు కావాలి. గ్లాసు పాలలో 300 దాకా ఉంటుంది, 100 గ్రాముల రాగిపిండిలో 350 దాకా ఉంటుంది. పలచటి రాగిజావ ఒక గ్లాసు తాగి కాల్షియం అంతా అందిందనుకోకండి, అందులో పడే పిండి రెండు మూడు చెంచాలే. రాగి సంకటి తింటే లెక్క మారుతుంది. మాత్రల విషయానికొస్తే, అమెరికా నేవీలో కొత్తగా చేరిన 5,201 మంది మహిళలపై చేసిన అధ్యయనం 2008లో వచ్చింది. రోజూ 2000 మిల్లీగ్రాముల కాల్షియం, 800 యూనిట్ల విటమిన్ డి ఇస్తే స్ట్రెస్ ఫ్రాక్చర్లు 20 శాతం దాకా తగ్గాయి. ఉపయోగం ఉందన్నమాటే. కానీ ఐదింట నాలుగు ఫ్రాక్చర్లు మాత్రలు మింగినా ఆగలేదని కూడా అందులోనే ఉంది. విటమిన్ డి తక్కువని తేలితే డాక్టర్ చెప్పిన వారాలు మాత్రమే 60 వేల యూనిట్ల పొట్లాలు వాడండి. 6 లక్షల యూనిట్ల ఇంజెక్షన్ ఒక్కటి పొడిపించుకుంటే సరిపోతుందని ఎవరైనా అంటే ఒప్పుకోవద్దు.

నిద్ర సంగతి కూడా. ఇజ్రాయెల్ సైన్యంలో 1980లలో గమనించిన ఒక కాల్బల దళంలో కొత్తవాళ్లలో 31 శాతం మందికి స్ట్రెస్ ఫ్రాక్చర్లు వచ్చాయి. బూట్లు మార్చారు, ఇంకా చాలా ప్రయత్నాలు చేశారు. చివరికి బాగా పనిచేసినవి, కవాతు దూరం తగ్గించడం, రాత్రి కనీసం 6 గంటల నిద్ర తప్పనిసరి చేయడం. తెల్లవారుజామున నాలుగున్నరకే గ్రౌండ్‌లో ఉండాలంటే రాత్రి పదకొండు దాకా ఫోన్ చూడటం కుదరదు మరి.

మళ్లీ పరుగు ఎప్పుడన్నది క్యాలెండర్ చూసి కాదు. మామూలు నడకలో, మెట్ల మీద రెండు వారాలపాటు నొప్పి లేకుండా ఉండాలి. బొటనవేలితో నొక్కితే ఆ చోట నొప్పి ఉండకూడదు. అప్పుడు డాక్టర్ ముందు ఒంటికాలి మీద గెంతి చూపించాలి. అన్నీ సరే అనుకున్నాక రోజు విడిచి రోజు, ఒక నిమిషం జాగింగ్, రెండు నిమిషాల నడక, అలా ఇరవై నిమిషాలు. వారం తర్వాత జాగింగ్ నిమిషాలు పెంచి నడక తగ్గించండి. ముందు సమయం పెంచాలి, వేగం ఆ తర్వాత. ఆగకుండా 30 నిమిషాలు తేలిగ్గా పరిగెత్తగలిగేదాకా స్పైక్స్ బయటకు తీయొద్దు. కండరాల నొప్పి కొద్దిగా ఉంటే సర్దుకుపోవచ్చు, ఎముక నొప్పితో బేరాలు లేవు: అదే చోట సలుపు వస్తే రెండు రోజులు ఆగి, తగ్గాక వెనకటి మెట్టు నుంచి మొదలుపెట్టాలి. అడుగులు కొంచెం చిన్నవిగా, నిమిషానికి ఇప్పుడు వేస్తున్నదానికన్నా 5 నుంచి 10 శాతం ఎక్కువగా వేస్తే ఎముక మీద పడే దెబ్బ తగ్గుతుంది. ఫోన్‌లో మెట్రోనోమ్ (టిక్ టిక్‌మని తాళం వేసే యాప్) పెట్టుకుని అలవాటు చేసుకోండి. షూ గురించి అందరూ అడుగుతారు. సౌకర్యంగా ఉండి అరిగిపోనిది ఏదైనా సరే, ఫ్రాక్చర్ రాకుండా ఆపే షూ ఏ ధరకూ దొరకదు.

కోచ్ సార్‌తో గొడవ పడకండి. ఎంఆర్ఐ రిపోర్ట్ చేతికిచ్చి, ‘సార్, కిలోమీటర్లు, రోడ్డు, రెండు పూటల ప్రాక్టీస్ మూడూ ఒకేసారి మారాయి, ఈసారి ఒక్కొక్కటే మారుద్దాం’ అని అడగండి. చాలామంది కోచ్‌లు కాగితం చూస్తే మెత్తబడతారు.

ఏడు వారాల్లో ఉన్న మీట్‌కి పేరు ఇవ్వొద్దు. గ్రేడ్ 1 అని తేలినా సరే, నాలుగు నెలలుగా నెలసరి లేని ఒంటితో మీట్ పరుగు వద్దనే అంటాను. కానిస్టేబుల్ ఈవెంట్స్‌కి మాత్రం మీరు దిగులు పడనక్కర్లేదు. తెలంగాణలో 2022 నోటిఫికేషన్‌కు మహిళలకు పెట్టింది 800 మీటర్లు, 5 నిమిషాల 20 సెకన్లలో. అంటే గంటకు 9 కిలోమీటర్లు, మీరు వార్మప్‌లో చేసే జాగింగ్ వేగం. మూడు నెలలు పరుగు ఆపి సైకిల్, ఈతతో ఊపిరి నిలుపుకున్నా ఆ టైమింగ్ మీకు తేలికే. లాంగ్ జంప్ దగ్గరే జాగ్రత్త కావాలి. ఏ కాలితో టేకాఫ్ తీసుకుంటారో మీరు రాయలేదు. అది కుడి కాలే అయితే జంప్ ప్రాక్టీస్‌ను అన్నిటికన్నా చివర పెట్టుకోండి, 30 నిమిషాల పరుగు నొప్పి లేకుండా వచ్చాక, మొదటి రెండు వారాలు పరుగెత్తి వచ్చి కాదు, నిలబడిన చోటు నుంచి రెండు కాళ్లతో ఇసుకలోకి.